మూడో స్తంభం

గోనెసంచుల షెడ్డులో ఆ ఉదయం, ఆమె రోజూ కూర్చునే చోట ఎవరో చిరుగుసంచుల మోపు పెట్టి ఉంచారు.

ఆమెను ఆ వీధిలోనూ షెడ్డులోనూ అందరూ కోడలనే పిలుస్తారు. అత్త ఎక్కడికి పోయినా "నా కోడలు, నా కోడలు" అని చెప్పుకోవడం వల్ల ఆ పిలుపే స్థిరపడిపోయింది. తిండి మూట చేత్తో పట్టుకుని కోడలు ఆ మోపు ముందు కాసేపు నిలబడింది. కిటికీ కింద, షెడ్డులో అందరూ పెద్దక్క అని పిలిచే ఆవిడ పక్కన, వెలుతురు సమంగా పడే చోటు అది. ఎవరూ తలెత్తలేదు. దబ్బనాలు గోనెలో దిగుతున్నాయి. పురికొస బిర్రుగా లాగిన చప్పుడు తప్ప మాట లేదు. ఆమె వంగి మోపును పక్కకు జరపబోయింది.

"అక్కడే ఉండనీ దాన్ని," అంది పెద్దక్క. "నీకు తలుపు దగ్గర చోటుంది."

తలుపు దగ్గరంటే, బండ్లలోంచి సంచులు దించినప్పుడల్లా దుమ్ము నెత్తిన పడే చోటు. పనిలో కొత్తగా చేరినవాళ్ళను కూర్చోబెడతారు అక్కడ.

"ఏం చేశానక్కా?"

"నువ్వేం చేస్తావు తల్లీ. పెద్దవాళ్ళ సరసన నిలబడొచ్చినదానివి. మా పక్కన ఇరుకవుతుందేమోనని."

ఎవరో కిసుక్కున నవ్వారు. పెద్దక్క నవ్వలేదు. సంచి మూతి మడిచి, దబ్బనాన్ని అరచేతి తోలుముక్కతో లోపలికి తోసి అవతలినుంచి లాగింది. చేతులు మామూలు కంటే విసురుగా కదులుతున్నాయి.

"నిన్న సాయంత్రం అందరం బొమ్మల హాలుకు పోయాం," అంది చివరికి. "వంతెన ప్రారంభం బొమ్మ వేస్తున్నారు. ఊరేగింపు, బ్యాండు, ఫైరింజను, అన్నీ ఉన్నాయి. నువ్వూ ఉన్నావు. నగరసభ ఛైర్మన్‌కి కత్తెర పళ్ళెం అందించి కృతజ్ఞతలు చెప్పుకున్నావు. తెర మీద అక్షరాల్లో వేశారు. చదివే ఆయన గొంతు చించుకుని చదివాడు కూడా."

"నేను కృతజ్ఞతలు చెప్పలేదు." కోడలు తిండి మూట కింద పెట్టింది. "నేనేం చెప్పానో నీకు తెలుసు. ముందురోజు ఇక్కడే కూర్చుని నీకు అప్పజెప్పాను కదా. అంత పొడుగొద్దు, రెండు ముక్కల్లో తేల్చెయ్యమని నువ్వేగా అన్నావు."

"అప్పజెప్పావు. అక్కడికి పోయాక నాలుక మడత పడింది."

"బ్యాండు మోగుతోందక్కా. ఎదురుగా ఉన్న ఛైర్మన్‌కే వినపడలేదు. నేను చెప్పాను."

"నాకూ వినపడలేదు. కళ్ళకు కనపడింది మాత్రం చూశాను. ఒంగి ఒంగి చెప్పావు." పెద్దక్క కొసను పళ్ళతో కొరికి తెంపింది. "పెట్టె తీసుకున్ననాడే అనుకోవాల్సింది. మాకూ పంపారు పెట్టె. తీసుకున్నామా?"

వంతెన మూడో స్తంభానికి పునాది బావి తవ్వుతుండగా అడుగునుంచి ఇసుక తన్నుకొచ్చినప్పుడు లోపల ఇద్దరున్నారు. ఒకడు తన మొగుడు, ఒకడు పెద్దక్క తమ్ముడు. మళ్ళీ తవ్వి తీస్తే బావి చెడుతుందన్నాడు ఇంజనీరు. వరదల రోజులు దగ్గర పడ్డాయన్నాడు మేస్త్రీ. మర్నాడు పైనుంచి సిమెంటు పోసేశారు. ఆ తర్వాత రెండిళ్ళకూ రెండు చెక్కపెట్టెలు వచ్చాయి, మూతలకు మేకులు కొట్టి, లోపల ఇసుకతో బరువు పెట్టి. పెద్దక్క గడప దాటనివ్వకుండా తిప్పి పంపింది. కోడలు తీసుకుంది. జ్వరంతో లోపలి గదిలో పడి ఉన్న అత్త "తెచ్చారా వాడిని?" అని తన మొహంలోకి చూసి అడుగుతుంటే, "తెచ్చారు" అనడం తప్ప ఇంకో మాట నోటికి రాలేదు.

ఆమె తలుపు దగ్గర కూర్చుని దబ్బనంలోకి కొస ఎక్కించుకుంది.

*

పని దిగగానే ఇంటికి పోకుండా నేరుగా హాలుకు పోయింది. అది ఒకప్పుడు ధాన్యం కొట్టు. కిటికీలకు తారు పూసిన గుడ్డలు కట్టి, ముందు గోడకు సున్నం కొట్టి తెర చేశారు. చదువురానివాళ్ళ కోసం ఒకాయన చేతికర్ర పట్టుకుని పక్కన నిలబడతాడు. తెర మీద అక్షరాలు పడగానే కర్రతో చూపిస్తూ చదువుతాడు. మూల ఒక ముసలాయన ఫిడేలు వాయిస్తాడు. బొమ్మలో పెళ్ళి జరిగినా చావు జరిగినా ఆయనకు వచ్చిన పాట ఒక్కటే.

ముందు వంతెన వచ్చింది, కింద నీళ్ళు మెరుస్తూ. తర్వాత ఊరేగింపు. పిల్లలు జెండాలు ఊపుకుంటూ పోయారు. కంపెనీ కూలీలు ఉతికిన చొక్కాలతో, అలవాటులేని అడుగులు కలుపుకుంటూ పోయారు. ప్రతివాడూ ముందుకు నడుస్తూ తల మాత్రం పక్కకు తిప్పి తమవైపే చూస్తున్నాడు. ఒకాయన టోపీ తీసి పెట్టుకుని, చాలలేదనిపించి మళ్ళీ తీశాడు. "అదుగో మా బావ" అని ఒకరు, "నా భుజం, ఆ పక్కది నా భుజమే" అని ఒకరు హాల్లో కేకలు పెడుతున్నారు. బ్యాండు వచ్చింది. బుగ్గలు పొంగుతున్నాయి, కర్రలు డోళ్ళ మీద పడుతున్నాయి. చప్పుడు లేదు. ఆ రోజు తన మాటను మింగేసిన బ్యాండు ఇక్కడ నోరు పడిపోయినట్టు నడిచిపోయింది.

అక్షరాలు పడ్డాయి. చదివే ఆయన కర్ర ఎత్తాడు.

"వంతెన పనిలో భర్తను కోల్పోయిన ఇల్లాలు, నగరసభ చూపిన దయకు అధ్యక్షుల వారికి కృతజ్ఞతలు చెప్పుకొనుచున్నది!"

జనం చప్పట్లు కొట్టారు. అక్షరాలు పోయి, తను వచ్చింది.

ఇంత పెద్దగా ఉంటానని ఆమె అనుకోలేదు. కెమెరా ఆయన పెట్టెను రెండు బారల దూరంలోకి తెచ్చి పిడి తిప్పుతున్నాడని ఆ రోజు చూసింది గానీ, అది తన నుదుటి మీద చెమటను కూడా పట్టుకుంటుందని తెలియదు. పళ్ళెంలో కత్తెర. ఛైర్మన్ చెయ్యి చాచాడు. తను పళ్ళెం వదల్లేదు. గట్టిగా పట్టుకుని, ముందుకు ఒంగి, బ్యాండు మీదుగా వినపడాలని ఒక్కో మాటా విడదీసి చెప్పింది. పెదవులు సాగుతున్నాయి, కలుస్తున్నాయి, విడుతున్నాయి. ఏ మాట ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో కోడలికి స్పష్టంగా కనపడుతోంది. ఛైర్మన్ చిరునవ్వుతో తల పంకించాడు. మంచిది, మంచిది అన్నట్టుంది. కత్తెర తీసుకున్నాడు. రిబ్బను తెగింది.

ఆమె అటూ ఇటూ చూసింది. పక్కనున్నావిడ కన్నీళ్ళు తుడుచుకుంటూ "పాపం, ఎంత మర్యాదస్తురాలో" అంది, ఆ ఇల్లాలు తన పక్కనే కూర్చుందని గుర్తుపట్టకుండా. తెర మీద తను అంతసేపు చెప్పిన మాట ఒక్కరికీ అందలేదు. ఈ ఊళ్ళో ఎవరికి అందుతుంది, చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టేగా, అనుకుంది.

అనుకోగానే అత్త గుర్తొచ్చింది.

అత్తకు చెవులు లేవు. వయసంతా నేతషెడ్డులో, వందల మగ్గాల మోతలో పనిచేసి పోగొట్టుకుంది. ఆ మోతలో పనిచేసే ఆడవాళ్ళు మాటలు వినరు, చూస్తారు. షెడ్డు ఈ చివరినుంచి ఆ చివరికి పెదవులతోనే పోట్లాడుకునేవాళ్ళు, సంబంధాలు కుదుర్చుకునేవాళ్ళు. ఆమె తోటివాళ్ళు ఒక్కొక్కరే దాటిపోయారు గానీ ఆ విద్య ఆమెలో అలాగే ఉంది. చెవిటి అత్త దొరకడం కోడళ్ళకు అదృష్టమని పెళ్ళినాడు అందరూ ఎగతాళి చేశారు. తీరా చూస్తే ఆ ఇంట్లో వెనక్కి తిరిగి గొణుక్కోవాలన్నా ముందు అద్దం ఎక్కడుందో చూసుకోవాలి.

*

"ఆలస్యమైంది," అంది అత్త, ఇంకా గడపలో ఉండగానే. ఆమె గొంతు ఎప్పుడూ ఒకటే ఎత్తున, కింద పడేసిన రేకులా వస్తుంది. "మొహం అలా ఉందేంటి?"

"తలనొప్పి."

"నాకు తెలియదనుకుంటున్నావు. పక్కింటావిడ చెప్పింది."

కోడలి చేతిలో చెంబు ఆగిపోయింది.

"నువ్వు తెర మీద కనిపిస్తున్నావటగా. ఛైర్మన్ ఎదురుగా నిలబడి మాట్లాడుతున్నావట." అత్త మొహం వెలుగుతోంది. "పెళ్ళయిన కొత్తలో పాలవాడితో మాట్లాడటానికే తలుపు వెనక నక్కేదానివి. నన్ను తీసుకుపో. నేను చూడాలి."

"అక్కడ చీకటిగా ఉంటుందత్తా. బల్లలు ఎత్తు. నీ మోకాళ్ళకి..."

"మోకాళ్ళతో చూస్తానా?"

పక్కింటావిడ కూడా మంచిదే. ఇన్నాళ్ళూ వీధి వీధంతా మంచిగానే ఉంది. అత్త ఎదుట మూడో స్తంభం మాట ఎత్తాల్సి వస్తే, ఎవరూ చెప్పకుండానే అందరూ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకునేవాళ్ళు. పంటినొప్పి ఉన్నవాళ్ళలా చెయ్యి పెట్టుకుని మాట్లాడి, అత్త తలతిప్పగానే తీసేసేవాళ్ళు. కానీ హాల్లో తెరకు ఎవరు అడ్డం పెడతారు చెయ్యి?

పొద్దున్నే షెడ్డుకు పోయేముందు ఆమె కెమెరా ఆయన దగ్గరికి పోయింది. హాలు వెనక చిన్న గది. తీగల మీద ఫిల్మును బట్టల్లా ఆరేసి ఉంచాడు. ఆయన బల్లమీద రెండు ముక్కల చివర్లు గీకి, బుడ్డిలోంచి చిన్న కుంచెతో జిగురు రాసి, అతికించి బొటనవేలితో నొక్కి పట్టుకున్నాడు. ఊపిరి కూడా బిగబట్టాడు. అది అతుక్కునేదాకా ఆగి ఆమె అడిగింది.

"నా ముక్క తీసెయ్యండి బాబూ."

ఆయన ఆమె మొహం చూసి గుర్తుపట్టాడు. "నీదా? దానికోసమేనమ్మా జనం రెండోసారి వస్తున్నది. ఊరేగింపుల్లో ఏముంది, ఎక్కడ తీసినా టోపీలే. మనిషి మొహం ఒక్కటి దొరికింది నాకు."

"నేను కృతజ్ఞతలు చెప్పలేదు."

"ఆ అక్షరాలు నగరసభ ఆఫీసునుంచి రాసి పంపారు. నేను అతికించాను, అంతే." కుంచెను గుడ్డకు తుడుచుకుంటూ మామూలుగా అడిగాడు, "మరి ఏమన్నావు?"

ఆమె చెప్పింది. మూడు మాటలూ, అదే వరసలో.

ఆయన కుంచె కింద పెట్టాడు. లేచిపోయి తలుపు మూసి వచ్చాడు. మళ్ళీ కూర్చున్నాక కూడా ఆమె వైపు చూడలేదు. "అది నాకు చెప్పకుండా ఉండాల్సింది," అన్నాడు. "ఇన్నిసార్లు చూశాను ఆ ముక్క. ఇప్పుడిక ఎలా చూడను?"

"అందుకే తీసెయ్యమంటున్నా."

"తీస్తే ఎందుకు తీశావని అడుగుతారు. రీలు వాళ్ళది. వారం ఆడాక వాళ్ళకే ఇచ్చెయ్యాలి. పిల్లలు గలవాడినమ్మా." గొంతు తగ్గించి అన్నాడు. "అయినా ఎవరికి తెలుస్తుంది? చప్పుడు రాదు కదా."

*

ఆదివారం అత్తా కోడళ్ళు శ్మశానానికి పోయారు, ఎప్పటిలాగే. పెట్టెను పూడ్చిన దిబ్బ పక్కన అత్త కూలబడి, వారంలో మొలిచిన గడ్డి పీకింది. వానకు జారిన మట్టిని రెండు చేతులా ఎగదోసి, చుట్టూ ఉన్న రాళ్ళను ఒక్కొక్కటీ తీసి, తుడిచి, మళ్ళీ పెట్టింది. తల వైపు మట్టిని అరచేత్తో నిమిరి చదును చేసింది. చేస్తూ ఇంటి కబుర్లు చెప్పింది. పైకప్పు కారుతోందని, కోడలు సరిగా తినడం లేదని, ఛైర్మన్‌తో మాట్లాడిందని.

కోడలు చూస్తూ నిలబడింది. ఇప్పుడు చెప్పెయ్యాలి, హాలు చెప్పేలోగా తనే చెప్పాలి అని దారంతా అనుకుంటూ వచ్చింది. "అత్తా," అంది. అత్త దిబ్బవైపు ఒంగి ఉంది. భుజం తట్టాలి. తడితే ఇటు తిరుగుతుంది. తిరిగితే చెప్పాలి. కోడలు చెయ్యి చాచింది. అత్త మెడమీద అంటుకున్న గడ్డిపరకను తీసి పారేసింది.

తిరిగి వచ్చేసరికి షెడ్డునుంచి మనిషి వచ్చి ఉన్నాడు. పడవలు తొందరపడుతున్నాయి, సంచులు కావాలి, అందరూ రావాలి. "ఇవాళ హాలు లేదట, ఆదివారం మూసేస్తారట" అని అత్తకు చెప్పి, గంజి కాచిపెట్టి ఆమె పనికి పోయింది. తలుపు దగ్గర కూర్చుని కుట్టింది. దబ్బనం రెండుసార్లు వేలిలో దిగింది. పొద్దు వాలకముందే పని వదిలారు.

ఇంటికి తాళం వేసి ఉంది. ఎదురింటి ముసలాయన చుట్ట పక్కకు తీసి, "పక్కింటావిడా, ఆవిడా ఇద్దరూ బొమ్మకు పోయారమ్మా," అన్నాడు. "మీ అత్త కొత్త చెప్పులు కూడా వేసుకుంది."

ఆమె పరిగెత్తింది. హాలు తలుపు తోసుకుని లోపలికి పోయేసరికి బ్యాండు నడిచిపోతోంది. ముందు వరసలో, తెరకు అంత దగ్గరగా, అత్త తల కనపడింది. పక్కన పక్కింటావిడ. మధ్యన బల్లలనిండా జనం. కాళ్ళు తొక్కుకుంటూ, తిట్లు తింటూ ఆమె ముందుకు తోసుకుపోతుండగానే అక్షరాలు పడ్డాయి. చదివే ఆయన చదివాడు. పక్కింటావిడ అత్త వైపు తిరిగి, తెర వెలుగులో మొహం పెట్టి, పెదవులు పెద్దగా కదిపి ఆ ముక్కలే అప్పజెప్పింది. అత్త సంతోషంగా తలూపింది.

తెర మీదికి కోడలు వచ్చింది.

అత్త కాసేపు చూసింది. తర్వాత తల అడ్డంగా ఊపింది. "కాదు కాదు," అంది తన రేకు గొంతుతో, హాలంతా వినపడేలా. "అలా అనడంలేదు అది. చదివేవాడికి చదువు రాదు."

నవ్వులు. ఎవరో "అయితే నువ్వు చదువు అవ్వా" అన్నారు. ఆమెకు అది వినపడలేదు గానీ చదవడం అప్పటికే మొదలైపోయింది. నేతషెడ్డు అలవాటు. అవతలి మనిషి పెదవులమీంచి మాట తీసుకుని, అందనివాళ్ళకోసం పక్కకు అందించడం. వేలితో తెరను చూపిస్తూ, మెరుస్తున్న కళ్ళతో పక్కింటావిడకు అందించింది.

"మూడో స్తంభంలో ఉన్నాడయ్యా నా మొగుడు."

ఇంకా కొందరు నవ్వుతున్నారు.

"పైకి తియ్యకుండానే సిమెంటు పోశారు."

నవ్వు ఆగింది. ఫిడేలు ముసలాయన మాత్రం వాయిస్తూనే ఉన్నాడు.

"మట్టిలో పెట్టింది ఖాళీ పెట్టె."

అదే ఎత్తు గొంతు, అదే ఉత్సాహం. అక్షరాలు కూడబలుక్కునే పిల్లలకు వాక్యం పూర్తయ్యేదాకా అర్థం అందనట్టు, ఆమె మూడు మాటలూ తప్పుల్లేకుండా చదివింది. తెర మీద ఛైర్మన్ నవ్వాడు, కత్తెర తీసుకున్నాడు. రిబ్బను తెగింది. ఫైరింజను వచ్చింది. అత్త వేలు ఇంకా గాలిలోనే ఉంది.

ఆ వేలు దించకుండానే పక్కింటావిడ వైపు తిరిగింది.

"ఏ పెట్టె?" అంది.

పక్కింటావిడ అలవాటు కొద్దీ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

*

అత్త ఏడవలేదు, తిట్టలేదు. ఇంటికి వచ్చి, చెప్పులు విడిచి, మంచం మీద పడుకుని కళ్ళు మూసుకుంది. ఆమె కళ్ళు మూసుకుంటే ఇక ఆమెతో మాట్లాడటానికి దారి లేదు. కోడలు కాళ్ళ దగ్గర కూర్చుని అన్నీ చెప్పింది. జ్వరం సంగతి, మేస్త్రీ బండి ఆపి "ఇందులో ఉన్నది మీవాడే అని ఒప్పుకుంటే దించుతాం, లేకపోతే తీసుకుపోతాం" అన్న సంగతి, తను అవునన్న సంగతి. చెయ్యి పట్టుకుంది. ఆ చెయ్యి లాక్కోలేదు, పట్టుకోనూ లేదు. నీళ్ళు పెదవులకు తాకిస్తే మింగింది. కళ్ళు మాత్రం తెరవలేదు. మర్నాడు కూడా తెరవలేదు.

కోడలు పనికి పోయింది. కిటికీ కింద మోపు లేదు. ఆ చోటు ఊడ్చి ఉంచారు. ఆమె దానివైపు చూసి, తలుపు దగ్గరే కూర్చుంది. కాసేపటికి పెద్దక్క తన సంచీ, దబ్బనం తీసుకుని లేచి వచ్చి ఆ దుమ్ములో పక్కన కూర్చుంది. చాలాసేపు ఇద్దరూ కుట్టారు.

"నువ్వు చెప్పావు," అంది పెద్దక్క.

"చెప్పాను."

"ఆ ముసలామె నోటినుంచి వినేదాకా నేను..." పెద్దక్క దబ్బనాన్ని సంచిలో గుచ్చి వదిలేసింది. "నగరసభకు పోదాం. అందరం. ఇప్పుడు సాక్ష్యం ఉంది కదా. తెర మీద ఉంది. ఎవరన్నా చూడొచ్చు."

మధ్యాహ్నం షెడ్డు ఆడవాళ్ళంతా పోయారు. నగరసభ గుమాస్తా వాళ్ళను మెట్లమీదే నిలబెట్టి, చెప్పిందంతా ఓపిగ్గా విన్నాడు. విని, "మీరనే ఆవిడెవరూ బొమ్మలో లేరమ్మా," అన్నాడు. "పోయి చూసుకోండి. కావాలంటే టిక్కెట్టు లేకుండా చూడమని నేను చెప్పానని చెప్పండి."

పోయి చూశారు. ఊరేగింపు, బ్యాండు, ఛైర్మన్. చాచిన ఛైర్మన్ చేతిలోకి కత్తెర దానంతట అదే వచ్చింది. రిబ్బను తెగింది. వెనకనుంచి ఎవడో "గారడీ" అని అరిస్తే హాలంతా నవ్వింది. తెల్లవారగానే ఆ ముక్క కోయించారని, పెరట్లో నేలమీద పడేసి అగ్గిపుల్ల గీస్తే గడ్డిలా భగ్గుమందని చదివే ఆయన చెప్పాడు. తన కర్ర చివర చూసుకుంటూ చెప్పాడు. కెమెరా ఆయన గదికి తాళం వేసి ఉంది.

పెద్దక్క బయటికి వచ్చి మెట్టుమీద కూర్చుంది. ఎంతసేపటికీ లేవలేదు. కోడలికి ఆమె పక్కన కూర్చోవాలని తెలుసు గానీ, ఇంటి దగ్గర మంచంమీద మూసుకున్న కళ్ళే గుర్తొస్తున్నాయి. పోయింది.

అత్త లేచి కూర్చుని ఉంది. తల దువ్వుకుంది. కోడలి మొహంలోకి చూసింది. ఎన్నాళ్ళుగానో చూడని మనిషిని చూసినట్టు, ప్రతి చోటా ఆగి చూసింది.

"తీసుకుపో," అంది.

"ఎక్కడికత్తా?"

"ఎక్కడికేంటి."

వంతెన రద్దీగా ఉంది. కొత్త తారు వాసన ఇంకా పోలేదు. ఛైర్మన్ పేరు చెక్కిన రాయిని దాటి, ఇనప కమ్మీ పక్కనే ఇద్దరూ మెల్లగా నడిచారు. అత్త ప్రతి దీపస్తంభం దగ్గరా ఆగి, "ఇక్కడా?" అని అడిగింది. "ఇంకొంచెం ముందుకి," అంటూ వచ్చింది కోడలు. చివరికి ఆమే ఆగింది. చూడటానికి అక్కడ ఏమీ లేదు. మిగతా చోట్ల ఉన్నట్టే దారి, కమ్మీ, కింద నీళ్ళు. ఒంగి చూసినా స్తంభం కనపడదు. దాన్ని ఒరుసుకుంటూ పోయే సుడి ఒక్కటే కనపడుతుంది.

అత్త ఒంగి చూసింది. కోడలు పక్కన నిలబడి, "నేను నిన్ను మోసం చెయ్యాలని కాదత్తా," అంది. అత్త నీళ్ళవైపు చూస్తోంది. ఆ మాట ఆమెకు చేరలేదు. కోడలు మళ్ళీ చెప్పలేదు.

బరువు బండి ఒకటి వచ్చింది. అత్త ఉలిక్కిపడి కమ్మీని రెండు చేతులా పట్టుకుంది. బండి దాటిపోయాక చేతులు తీయలేదు. అరచేతులు రెండూ పరిచి ఇనుముకు ఆనించింది. తర్వాత ఇంకో బండి.

"కదులుతోంది," అంది.

కోడలు ఆమె ముందుకు వచ్చి నిలబడి, కనపడేలా చెప్పింది. "బండ్లు పోతున్నాయి కదత్తా."

"ఎప్పుడూ పోతుంటాయా?"

"పోతూనే ఉంటాయి."

"రాత్రి?"

కోడలు తల తిప్పుకోబోయి, ఆగింది. ఇక ఆమెకు అబద్ధం చెప్పలేదు. "రాత్రి ఇంకా ఎక్కువ. సరుకు బండ్లన్నీ రాత్రే పోతాయి."

అత్త వేళ్ళకింద ఇనుము సన్నగా వణుకుతోంది. జనం వాళ్ళను తోసుకుంటూ పోతున్నారు.

"చంటివాడప్పుడు చిన్న అలికిడికే లేచేవాడు వాడు," అంది. "లేచి ఏడ్చేవాడట. ఇరుగుపొరుగు వచ్చి చెప్పేవాళ్ళు. నాకే వినపడేది కాదు."